పాత సంతల మూకీ చిత్రాలు: అసలు ప్రతి మేలా, రంగులద్దినది మేలా?

వందేళ్ల నాటి వీధి సంతల మూకీ చిత్రాలను అసలు ప్రతుల్లోనే చూడాలా, లేక కృత్రిమ మేధతో రంగులద్ది, సెకనుకు 60 ఫ్రేములకు (విడి బొమ్మలకు) పెంచి, జనం సందడి కలిపిన వీడియోల్లో చూడాలా అని పాఠకులు తరచూ అడుగుతున్నారు. నలుపు తెలుపు అనగానే లేచిపోయే పిల్లలను కూడా రంగుల వీడియో కూర్చోబెడుతుంది. ఆ మేలును తక్కువ చేయలేను.

అయితే సంత విషయంలో నిర్ణయించవలసింది రంగే. చేపలు కొనేవారు మొప్ప ఎత్తి ఎరుపు చూస్తారు. ఆనాటి ఫిలింకు ఎరుపు దాదాపు అందదు కనుక, ఎర్రటి మొప్పా నల్లటి శాలువా రెండూ ముదురుగానే పడతాయి. అంటే రంగుల వీడియోలో కనిపించే ఎరుపు యంత్రం ఊహే తప్ప ఆ సరుకుది కాదు. సెకనుకు సుమారు 16 ఫ్రేములతో తీసినదాన్ని 60 చేస్తే నాలుగింట మూడు వంతుల ఫ్రేములు కూడా యంత్రం కల్పించినవే అవుతాయి.

1903 మే 1న ఎడిసన్ కంపెనీ న్యూయార్క్ లోయర్ ఈస్ట్ సైడ్‌లోని యూదుల చేపల సంతను ఎత్తైన చోటు నుంచి చిత్రించింది. ఆ రోజు శుక్రవారం. సూర్యాస్తమయంతో యూదుల వారపు విశ్రాంతి దినమైన సబ్బాతు మొదలవుతుంది, ఆ రాత్రి భోజనంలో చేప ఉండడం ఆనవాయితీ. తోపుడుబండ్ల మధ్య అడుగు పెట్టే చోటు లేనంతగా జనం ఎందుకున్నారో దీన్నిబట్టి తెలుస్తుంది. 1912 వరకు అమెరికా కాపీరైట్ చట్టంలో సినిమాలకు విడిగా చోటు లేనందున, ఈ చిత్రాన్ని కాగితపు చుట్ట మీద ఫొటోలుగా అచ్చువేసి దాఖలు చేశారు. ఆ కాగితం నుంచి మళ్లీ ఫిలింకు ఎక్కించిన ప్రతులే మనకు దక్కాయి. అందుకే ముఖాలు మసకగా, గరుకుగా ఉంటాయి. ఆ గరుకును చెరిపి కృత్రిమ మేధ దిద్దే కనుముక్కు తీరు ఆ వీధిలో నిలబడిన ఏ మనిషిదీ కాదు. ఒక పూట బేరానికి వచ్చి, పేరైనా మిగలని వారికి ఉన్న ఒకే గుర్తును అలా మార్చడం నాకు సమ్మతం కాదు.

సంగీతం మాత్రమే జోడించిన ప్రతులతో పేచీ లేదు. వేగం సరిచేయడం అవసరమే. చేతితో తిప్పిన కెమెరా చిత్రాన్ని 24 ఫ్రేముల వేగంతో నడిపితే జనం ఉరుకులు పెడుతున్నట్టు కనిపిస్తారు. నా ఓటు వేగం సరిచేసిన నలుపు తెలుపు ప్రతికే. చేపల సంత చిత్రం అమెరికా జాతీయ గ్రంథాలయమైన లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది.