జాగ్రత్త: కాటుక చెదరకుండా పూసే సీలర్‌ని కంటి లోపలి అంచుకి వాడకండి

పొద్దున పెట్టుకున్న కాటుక రాత్రి దాకా చెదరకుండా ఉండాలని ఒక ఐలైనర్ సీలర్ కొన్నాను. కాటుక నిజంగానే కదల్లేదు. కానీ నాలుగో రోజు పొద్దున లేచేసరికి కుడి కన్ను పైరెప్ప వాచిపోయి ఉంది. వేలితో తాకితే లోపల చిన్న పూసంత గట్టిగా తగిలింది, ప్రాణం పోయినంత నొప్పి. కన్ను సగం కూడా తెరుచుకోలేదు. ఇలాంటిదే కొందామని చూస్తున్నవాళ్లు డబ్బు కట్టే ముందు ఇది చదవండి. ఇప్పటికే కొని వాడుతున్నవాళ్లు ఇవాళ్టికి పెట్టుకోవడం ఆపి చదవండి.

సీలర్ అంటే తెలియనివాళ్ల కోసం చెప్తాను. చిన్న సీసాలో నీళ్లలా కనిపించే ద్రవం, మూతకి సన్నటి కుంచె ఉంటాయి. కాటుక మీదో లైనర్ మీదో పూస్తే కాసేపట్లో ఆరిపోయి పల్చటి పొరలా పట్టేస్తుంది. ఆ పొర కింద రంగు కదలదు. వస్తువుగా చూస్తే ఇందులో తప్పేం లేదు. వెంట్రుకలకి బయటివైపు, ఆరిన చర్మం మీద గీసిన లైనర్‌కి ఇది పనికొస్తుంది. నేను మోసపోయింది అమ్మినవాళ్లు చూపించిన పద్ధతి వల్ల. వాళ్ల ప్రకటన వీడియోలో ఒకమ్మాయి కింది రెప్పని వేలితో లాగి పట్టుకుని, లోపలి తడి అంచు మీద కాటుక రాసి, దాని మీదే సీలర్ పూసుకుంటుంది. తర్వాత మొహం మీద నీళ్లు చల్లుకుంటుంది, వేలితో రుద్దుకుంటుంది. రంగు చెక్కుచెదరదు. అది చూసే కొన్నాను.

ఎందుకు అంత ఆశపడ్డానో కూడా చెప్పాలి. నాది జిడ్డు చర్మం. ఎంత మంచి కాటుక పెట్టుకున్నా మధ్యాహ్నం అయ్యేసరికి కళ్ల కింద నల్లటి చారలు దిగిపోతాయి. ఎవరో ఒకరు "ఒంట్లో బాగోలేదా, నిద్రపోలేదా" అని అడుగుతారు. ముఖ్యమైన మీటింగ్ ఉన్న రోజు మాటలకన్నా నా కళ్ల కింద ఏముందో అన్న టెన్షనే ఎక్కువ. బ్యాగులో ఎప్పుడూ ఇయర్ బడ్స్, టిష్యూలు ఉంటాయి. ఈ బాధ పడేవాళ్లకి తెలుసు, ఇది చిన్న విషయం కాదు. అందుకే "రోజంతా చెదరదు" అన్న మాట కనపడగానే చెయ్యి ముందుకెళ్లిపోతుంది.

మొదటి రోజు పూయగానే భగ్గున మంట పుట్టింది. చేతులకి రాసుకునే శానిటైజర్ వాసనలాంటి ఘాటు కూడా వచ్చింది. అర నిమిషంలో మంట తగ్గింది కదా అని ఊరుకున్నాను. అక్కడే నేను ఆగిపోవాల్సింది. కంటికి దగ్గర పెట్టుకునేది ఏదైనా సరే, మండిందంటే వెంటనే కడిగేసుకోండి, అలవాటవుతుందని ఎదురుచూడకండి.

ఆ సాయంత్రం కాటుక పొద్దున ఎలా ఉందో అలాగే ఉంది. సంతోషపడ్డాను. రాత్రి తీద్దామంటే మాత్రం రాలేదు. ఫేస్‌వాష్‌కి రాలేదు, మేకప్ తుడిచే మైసెల్లార్ వాటర్‌కి రాలేదు. చివరికి దూదితో గట్టిగా రుద్దితే ముక్కలు ముక్కలుగా ఊడింది. దూది మీద పడ్డ ఒక ముక్కని లైటు కింద పెట్టి చూశాను. గోటి అంచంత సన్నంగా, రెప్ప వంపు ఎలా ఉంటుందో అలాగే వంగి ఉంది. ఒకవైపు కాటుక నలుపు, రెండోవైపు గాజులా మెరుపు. అంచులు గరుగ్గా విరిగి ఉన్నాయి. దూది మీదకి రాని ముక్కలు ఎక్కడికి పోయాయి అన్న ఆలోచన ఆ రాత్రి నాకు రాలేదు. మూడో రోజుకల్లా కంట్లో ఇసుక పడ్డట్టు గరగర మొదలైంది, అయినా పెట్టుకున్నాను.

కంటి డాక్టర్ గారు రెప్ప తిప్పి చూసి, తీసిన ఫొటోని తెర మీద పెద్దది చేసి చూపించారు. రెప్ప అంచు వెంట వరసగా సూదిమొనంత రంధ్రాలున్నాయి. కొన్నిట్లో నల్లగా ఏదో ఇరుక్కుని ఉంది. అవి మైబోమియన్ గ్రంథుల నోళ్లని చెప్పారు. పైరెప్పలో 25 నుంచి 40 దాకా, కింది రెప్పలో 20 నుంచి 30 దాకా ఉంటాయి. వీటి నుంచి వచ్చే సన్నటి నూనె కన్నీటి మీద పొరలా పరుచుకుని, కన్ను ఆరిపోకుండా కాపాడుతుంది. ఆ నోరు మూసుకుపోతే నూనె లోపలే గడ్డకడుతుంది, రెప్ప వాస్తుంది, కన్ను పొడిబారుతుంది. "సీలర్ ఒక్కటే కారణమని నేను రాసివ్వలేను గానీ, వాడాల్సిన చోటు మాత్రం అది కాదు" అన్నారు. ఆయన అలా జాగ్రత్తగా చెప్పడం వల్లే నాకు ఇంకా నమ్మకం కుదిరింది.

ఒక్కసారి ఆలోచించండి. మనం కాటుక పెట్టుకునే ఆ లోపలి అంచు, అంటే వెంట్రుకలకి కనుగుడ్డుకి మధ్య తడిగా ఉండే గులాబీ రంగు గీత, ఈ గ్రంథుల నోళ్లు ఉన్న చోటే. దాని మీద ప్లాస్టిక్ లాంటి పొర వేసి బిగించేస్తున్నాం. పైగా ఆ చోటు ఎప్పుడూ ఆరదు. తడి మీద ఏ పొరా గట్టిగా పట్టదు, పట్టినట్టే ఉండి పెచ్చులు లేస్తుంది. మనం నిమిషానికి దాదాపు 15 సార్లు రెప్ప వేస్తాం. మేలుకుని ఉండే 16 గంటలకి లెక్కేస్తే 14,000 దాటుతుంది. అన్నిసార్లు రెప్పకి రెప్ప తగులుతుంటే ఆ పెచ్చులు కంట్లోకే పోతాయి.

సీలర్ లేని మామూలు పెన్సిల్ కూడా ఆ చోట కుదురుగా ఉండదు. 2015లో కెనడాలోని వాటర్లూ యూనివర్సిటీ పరిశోధకులు ఒకే పెన్సిల్ ఐలైనర్‌ని ఒకసారి వెంట్రుకల బయట, ఒకసారి లోపలి అంచు మీద పెట్టించి కన్నీటిని వీడియో తీశారు. లోపల పెట్టినప్పుడు అయిదు నిమిషాల్లోనే 15 నుంచి 30 శాతం ఎక్కువ రంగు రేణువులు కన్నీటిలోకి చేరాయి. కాంటాక్ట్ లెన్స్ పెట్టుకునేవాళ్లు దీన్ని ఇంకా గట్టిగా పట్టించుకోవాలి, ఆ రేణువులు లెన్స్‌కి అతుక్కుంటాయి.

ఇక అట్టపెట్టె సంగతి. డాక్టర్ దగ్గర్నుంచి వచ్చాక దాన్ని పూర్తిగా విప్పి చూశాను. మూత మడత లోపలివైపు, భూతద్దం పెడితే గానీ కనపడనంత చిన్న అక్షరాల్లో "కంటి లోపలి అంచుకి వాడరాదు" అని ఉంది. వీడియోలో చూపించిందేమో సరిగ్గా అదే పని. ఇంకోటి, గడువు తేదీ ఉండాల్సిన చోట ధర స్టిక్కర్ అంటించి ఉంది. గోటితో గీకితే తేదీ కూడా దాంతోపాటే చిరిగిపోయింది. అమ్మినవాళ్లకి ఫొటోలతో సహా రాశాను. సీలు తీసిన కాస్మెటిక్స్ వెనక్కి తీసుకోం అని ఒక్క ముక్కలో జవాబిచ్చారు. వీడియో గురించి అడిగితే జవాబే లేదు. కాబట్టి పార్శిల్ రాగానే సీలు తియ్యకముందే పెట్టె నాలుగు వైపులా ఫొటోలు తీసుకోండి. బ్యాచ్ నంబరు, గడువు తేదీ, పదార్థాల జాబితా, వీటిలో ఏది కనపడకపోయినా తెరవకుండా వెనక్కి పంపెయ్యండి. తెరిచిన మూతతో చిన్న డబ్బా బొమ్మ, దాని మీద ఒక అంకె ఉంటాయి చూడండి. తెరిచాక ఎన్ని నెలలు వాడొచ్చో చెప్పే గుర్తు అది. కంటి సరుకు మీద అది కూడా లేకపోతే అనుమానించాల్సిందే.

లేబుల్ మీద మాటల్ని చూసి కూడా పడిపోకండి. "హైపోఅలర్జెనిక్" (అంటే అలర్జీ తక్కువగా వస్తుందని) అన్న మాటకి అమెరికాలో ప్రభుత్వ నిర్వచనమే లేదు, కంపెనీ తనకి నచ్చిన అర్థంలో వాడుకోవచ్చు. చూడాల్సింది పదార్థాల జాబితా. నా సీసా మీద మొదటి పేరే ఆల్కహాల్ డీనాట్, తర్వాత అక్రిలేట్స్ కోపాలిమర్. జాబితాలో ముందున్నది ఎక్కువ మోతాదులో ఉందని అర్థం. ఆల్కహాల్ ఆవిరై పోతుంది, అక్రిలేట్ పొరగా మిగులుతుంది. ఆ మంట ఎందుకో, ఆ గాజు మెరుపు ఏమిటో నాకు అప్పుడు అర్థమైంది. బయటి చర్మం మీద ఇవి వాడకూడనివేం కావు. తడి అంచు మీదకి మాత్రం వద్దే వద్దు.

ఇంతకీ నేను తెలుసుకోవాల్సిన అసలు సంగతి వేరే ఉంది, అది ముందే తెలిసుంటే సీలరే కొనేదాన్ని కాదు. మన కాటుక చెదిరేది ఎక్కువగా నీళ్ల వల్ల కాదు, నూనె వల్ల. కాటుకలో, మామూలు మస్కారాలో ఉండేవి మైనాలు, నూనెలు. రెప్ప మీద ఊరే జిడ్డు, రాసుకున్న ఐ క్రీమ్, సన్‌స్క్రీన్ వాటిని కరిగిస్తాయి. వాటర్‌ప్రూఫ్ అన్నది నీళ్లని ఆపుతుంది, నూనెని ఆపుతానని చెప్పట్లేదు. అందుకే ప్రకటనల్లో నీళ్లు చల్లి చూపిస్తారు. ముంజేతి మీద గీత గీసి కుళాయి కింద పెట్టి చూపిస్తే నమ్మకండి, అక్కడ జిడ్డూ లేదు, రెప్పపాటూ లేదు. కొనే ముందు శాంపిల్ దొరికితే చేతి మీద గీత గీసి, రెండు నిమిషాలు ఆరనిచ్చి, ఒక చుక్క నూనె వేసి మెల్లగా రుద్దండి. ఇట్టే పాకిపోయిందా, జిడ్డు రెప్ప మీద మధ్యాహ్నానికి అదే జరుగుతుంది. అస్సలు కదల్లేదా, అయితే రాత్రి దేంతో తీస్తారని అమ్మేవాళ్లని అడగండి. దీనికి సూటిగా జవాబు చెప్పలేని సరుకు కంటి దాకా రానివ్వకండి.

వాపు పూర్తిగా తగ్గి, డాక్టర్ సరేనన్నాక ఇప్పుడు నేను చేస్తున్నది చాలా సాదా పద్ధతి. పొద్దున రెప్పల మీద, కళ్ల కింద క్రీమ్ రాయను, అది రాత్రికే. టిష్యూతో జిడ్డు అద్ది, వెంట్రుకల బయట రెప్ప మీద ఐ ప్రైమర్, అంటే మేకప్ నిలవడానికి ముందుగా రాసే క్రీమ్, పల్చగా రాసి, అది ఆరేదాకా ఆగుతాను. ఆ ఆగడంలోనే సగం ఫలితం ఉంది, తడి ప్రైమర్ మీద గీస్తే అన్నీ కలిసి జారతాయి. పెన్సిల్‌తో వెంట్రుకల మొదళ్లకి ఆనించి బయటివైపే గీసి, అదే రంగు ఐషాడో పొడిని సన్న కుంచెతో దాని మీద అద్దుతాను. పొడి జిడ్డుని పీల్చుకుంటుంది కాబట్టి గీత నిలబడుతుంది. లోపలి అంచు జోలికి వెళ్లట్లేదు, కింది వెంట్రుకలకి మస్కారా మానేశాను. కళ్ల కింద నలుపుకి నా విషయంలో ముఖ్యమైన కారణం ఆ కింది మస్కారానే అని మానేశాకే తెలిసింది. పైన మాత్రం ట్యూబింగ్ మస్కారా వాడుతున్నాను. ఇది ఒక్కో వెంట్రుక చుట్టూ ప్లాస్టిక్ లాంటి పాలిమర్ గొట్టంలా పట్టుకుంటుంది, నూనెకి కరగదు, గోరువెచ్చటి నీళ్లతో తడిపి మెల్లగా లాగితే గొట్టాల్లాగే ఊడొస్తుంది. జిడ్డు రెప్పలవాళ్లకి వాటర్‌ప్రూఫ్ కన్నా ఇదే నయమని నా గట్టి అభిప్రాయం. సాయంత్రానికి గీత కాస్త పల్చబడుతుంది, కానీ కిందకి దిగట్లేదు. నాకు అది చాలు.

వాటర్‌ప్రూఫ్ తప్పనప్పుడు నూనె, నీళ్లు రెండు పొరలుగా ఉండే రిమూవర్‌ని బాగా కుదిపి, దూదిని తడిపి, మూసిన కంటి మీద 20, 30 సెకన్లు ఆనించి ఉంచండి. తర్వాత కిందకి తుడవండి. రుద్దితే రెప్ప వెంట్రుకలు విరుగుతాయి.

పదార్థాల జాబితా లేని కాటుకలు, సుర్మాల విషయంలో కూడా జాగ్రత్త. కొన్ని సుర్మాల్లో సీసం సల్ఫైడ్ ఉంటుంది. అది శరీరంలో చేరితే, ముఖ్యంగా పిల్లలకి, చాలా హాని. అమెరికాలో కోల్‌ని, అంటే ఈ సుర్మా లాంటివాటిని, కాస్మెటిక్ రంగుగా అనుమతించరు. ఎంతసేపు నిలుస్తుందన్న ఒక్క ఆశతో కంటికి ఏదిపడితే అది పెట్టుకుంటే ఏమవుతుందో 1933లోనే లోకం చూసింది. రెప్ప వెంట్రుకలకి నిలిచిపోయే రంగు వేస్తామని అమెరికాలో అమ్మిన లాష్ లూర్ అనే డై వల్ల కొందరు ఆడవాళ్లకి చూపు పోయింది, ఒకామె ప్రాణమే పోయింది. 1938లో అక్కడ కాస్మెటిక్స్‌ని చట్టం కిందకి తెచ్చినప్పుడు అదీ ఒక కారణం.

ఇలాంటి సీలర్ ఇప్పటికే లోపలి అంచుకి వాడుతున్నవాళ్లు ఇవాళే ఆపెయ్యండి. గరగర, ఎర్రదనం, రెప్ప బరువు, వీటిలో ఏది ఉన్నా కంటి మేకప్ మొత్తం మానేసి, లెన్స్ తీసేసి డాక్టర్‌కి చూపించుకోండి. చూపు మసకబారినా, వెలుతురు చూడలేకపోయినా, కనుగుడ్డులో నొప్పి ఉన్నా రేపటిదాకా ఆగకండి. రెప్ప మీది కురుపుని గిల్లకండి. నాకు చెప్పిన వైద్యంలో ముఖ్యమైనది వెచ్చటి కాపడమే. శుభ్రమైన గుడ్డని గోరువెచ్చటి నీళ్లలో ముంచి పిండి, మూసిన రెప్ప మీద పది నిమిషాలు, రోజుకి మూడు నాలుగు సార్లు పెట్టుకున్నాను. ఆరు వారాలు పట్టింది. కన్ను బాగోలేనప్పుడు వాడిన పెన్సిల్, మస్కారా, కుంచెలు ఏవీ దాచుకోకండి, నేను అన్నీ పారేశాను. మస్కారాని మామూలుగా కూడా తెరిచిన మూడు నెలలకి మార్చెయ్యాలి. కంటికి కాపడం పెట్టేటప్పుడు గుడ్డని ముందు మణికట్టు మీద ఆనించి చూసుకోండి, రెప్ప చర్మం చాలా పల్చన, త్వరగా కాలుతుంది.