జేడౌన్‌లోడర్ 2: డీఎల్‌సీ ఫైల్ తెరవాలంటే ఇదే దిక్కు, కాకపోతే కొంచెం ఓపిక కావాలి

మా చెల్లి పెళ్లి వీడియో అని వాట్సాప్‌లో ఒక ఫైల్ వచ్చింది. సైజు చూస్తే పాతిక కేబీ కూడా లేదు. మూడు రోజుల పెళ్లి, రెండు కెమెరాలు, పైన ఒక డ్రోను, అంతా పాతిక కేబీలో ఎలా పట్టిందా అనుకుంటూ డబుల్ క్లిక్ చేస్తే దీన్ని దేనితో తెరవమంటావని విండోస్ నన్నే తిరిగి అడిగింది. నోట్‌ప్యాడ్‌తో తెరిచాను. చిన్న బడి అక్షరాలు, పెద్ద బడి అక్షరాలు, అంకెలు, ఎక్కడా ఖాళీ లేకుండా ఒకటే బారు. వీడియో తీసిన అబ్బాయికి ఫోన్ చేస్తే, "అది వీడియో కాదన్నా, లింకులు. జేడౌన్‌లోడర్‌లో వేయండి, అదే చూసుకుంటుంది" అని పెట్టేశాడు.

సంగతేంటంటే, రా ఫుటేజీ మొత్తాన్ని 42 ముక్కలు చేసి ఏదో ఉచిత ఫైల్ హోస్టింగ్ సైటులో పెట్టాడు. ఆ 42 లింకులనూ విడివిడిగా పంపకుండా ఒక కవర్లో పెట్టి అంటించి పంపాడు, ఆ కవరే డీఎల్‌సీ, అంటే డౌన్‌లోడ్ లింక్ కంటైనర్. జేడౌన్‌లోడర్ అంటే లింకులిస్తే ఫైళ్లు దించిపెట్టే సాఫ్ట్‌వేర్, ఈ డీఎల్‌సీని తీసుకొచ్చింది కూడా వాళ్లే. ర్యాపిడ్‌షేర్ అనే ఫైల్ హోస్టింగ్ సైటు రాజ్యమేలిన రోజుల్లో ఆర్‌ఎస్‌డీఎఫ్, సీసీఎఫ్ అని ఇలాంటివే ఇంకో రెండు తిరిగేవి. 2015లో ర్యాపిడ్‌షేర్ మూతపడింది గానీ, డీఎల్‌సీ మాత్రం ఇంకా బతికే ఉంది.

ముందు నేను చేసిన తెలివితక్కువ పని చెప్తాను. పాతిక కేబీ ఫైల్ కోసం సాఫ్ట్‌వేర్ ఎందుకులే అని, ఆన్‌లైన్‌లోనే తెరిచి పెడతామన్న ఒక సైటుకి వెళ్లాను. లింకులు రాలేదు గానీ, నోటిఫికేషన్లకి ఎలౌ నొక్కమంటే తొందరలో నొక్కేశాను. వారం రోజులు స్క్రీన్ మూలలో మీ కంప్యూటర్‌కి వైరస్ సోకిందంటూ బొమ్మలు. బ్రౌజర్ సెట్టింగ్స్‌లోకి పోయి తీసేదాకా వదల్లేదు.

ఇక అసలు రివ్యూ. జేడౌన్‌లోడర్ జర్మనీ వాళ్లది, ఉచితం, జావాలో రాసింది. అందుకే విండోస్, మ్యాక్, లినక్స్ మూడింట్లోనూ ఒకటే మొహం, ఆ మొహం కూడా పదిహేనేళ్ల నాటిది. ఎక్కడ చూసినా బటన్లు, సెట్టింగ్స్‌లోకి దిగితే బయటికి దారి దొరకదు. అయితే డీఎల్‌సీ తెరవడానికి అవేవీ అక్కర్లేదు. ఫైల్‌ని పట్టుకుని లింక్‌గ్రాబర్ ట్యాబ్‌లో పడేస్తే చాలు, లేదంటే ఫైల్ మెనూలోంచి కంటైనర్ లోడ్ చేయండి. నేను పడేసిన కాసేపటికి 42 పేర్లూ సైజులతో సహా వరసగా వచ్చి కూర్చున్నాయి.

తేడా అంతా ఇన్‌స్టాల్ చేసేటప్పుడే. విండోస్ ఇన్‌స్టాలర్ మధ్యలో వేరే సాఫ్ట్‌వేర్లు అంటగడుతుందన్నది ఏళ్లుగా ఉన్న ఫిర్యాదు, కాబట్టి నెక్స్ట్ నెక్స్ట్ అని కొట్టుకుంటూ పోకుండా ప్రతి స్క్రీనూ చదివి అక్కర్లేనిది డిక్లైన్ చేయండి. మ్యాక్‌లో ఇంటెల్ చిప్‌కి ఒకటి, ఆపిల్ సొంత చిప్‌కి ఒకటి వేర్వేరుగా ఉంటాయి, మీది ఏదో ముందే చూసుకోండి. డల్లాస్‌లో ఉన్న మా బావ, "ఏది దించుకోవాలి బావా?" అని నాకు ఫోన్ చేశాడు, పెళ్లికొడుకే కదా, చెప్పక తప్పుతుందా. లినక్స్‌లో ఎస్‌హెచ్ ఫైల్ వస్తుంది, దాన్ని ప్రోగ్రామ్‌గా నడపడానికి అనుమతి ఇస్తే గానీ కదలదు. ఆ గొడవ వద్దనుకుంటే లినక్స్ యాప్‌లు దొరికే ఫ్లాట్‌హబ్‌లో కూడా ఉంది, హాల్లో ఉన్న మా పాత ఉబుంటు డెస్క్‌టాప్‌లో నేను అలాగే వేశాను. మానిటర్ లేని సర్వర్ లాంటిది నడిపేవాళ్లయితే పైలోడ్ అనే ఇంకో డౌన్‌లోడ్ సాఫ్ట్‌వేర్ చూడండి, పైథాన్‌తో చేసింది, అది కూడా డీఎల్‌సీ తెరుస్తుంది.

ఒక్క విషయం మాత్రం నాకు మింగుడు పడలేదు. ఫైల్ మన దగ్గరే ఉన్నా, నెట్ లేకపోతే లోపలున్న లింకుల పేర్లు కూడా కనబడవు. ఎందుకా అని చూస్తే, ఆ అక్షరాల బారులో చివరి 88 అక్షరాలు జేడౌన్‌లోడర్ వాళ్ల సర్వర్‌కి వెళ్తాయి, అక్కణ్నుంచి తాళంచెవి వస్తుంది, దాంతో మిగతాది విప్పుతుంది. పైలోడ్ వాడినా అదే సర్వర్ తలుపు తట్టాలి. అంటే రేపెప్పుడో వాళ్లు ఆ సర్వర్ ఆపేస్తే, మీరు జాగ్రత్తగా దాచుకున్న డీఎల్‌సీలన్నీ చిత్తు కాగితాలే. పోనీ అంత కట్టుదిట్టమా అంటే అదీ లేదు, జేడౌన్‌లోడర్ ఉన్నవాళ్లు ఎవరైనా తెరిచేయొచ్చు. మా ఫ్యామిలీ గ్రూపులో 60 మంది ఉన్నారు, వాళ్లలో ఎవరు దాన్ని ఎవరికి ఫార్వర్డ్ చేసినా మా ఇంటి పెళ్లి వాళ్ల డిస్క్‌లోకి దిగిపోతుంది. గోప్యంగా ఉండాల్సినవి ఇందులో పంపకండి, లేదా ముక్కలు చేసేటప్పుడే ఆర్కైవ్‌కి పాస్‌వర్డ్ పెట్టమనండి.

డౌన్‌లోడ్ పనిలో మాత్రం వంక పెట్టలేను. కరెంటు పోయి వచ్చాక మళ్లీ మొదలుపెడితే, హోస్ట్, అంటే ఫైళ్లు పెట్టిన సైటు, ఒప్పుకున్నచోట ఆగిన దగ్గర్నుంచే అందుకుంటుంది. ముక్కలన్నీ దిగాక తనే విప్పి ఒకటి చేస్తుంది, వేరే సాఫ్ట్‌వేర్ అక్కర్లేదు. కాకపోతే ముక్కలకీ, విప్పిన వీడియోకీ కలిపి రెండింతల చోటు ఉంచుకోండి. మై జేడౌన్‌లోడర్ అని ఖాతా తెరుచుకుంటే ఫోన్‌లోంచే ఎంతవరకు దిగిందో చూడొచ్చు, ఆఫీసులో కూర్చుని నేను గంటకోసారి అదే పని. పాత కంప్యూటర్‌కి మాత్రం బరువే, జావా కదా, పక్కన బ్రౌజర్‌లో నాలుగు ట్యాబులు తెరిస్తే మా డెస్క్‌టాప్ ఆయాసపడుతుంది.

నా లెక్కలో ఐదుకి మూడున్నర. ఆ సర్వర్ మెలిక లేకపోతే నాలుగు ఇచ్చేవాణ్ని.

ఇది రాసే సమయానికి 31 ముక్కలు దిగాయి. ఉచిత హోస్ట్ కదా, ముక్కముక్కకీ కాసేపు ఆగాలి, మధ్యలో నువ్వు మనిషివేనా అని పరీక్ష. హాల్లోంచి అమ్మ పిలుస్తోంది, "ఒరేయ్, మళ్లీ అడుగుతోంది, ట్రాఫిక్ లైట్లు ఎక్కడున్నాయో నొక్కమంటోంది, స్తంభం కూడా నొక్కాలా?"