బంబుల్‌బీ గోబీయా, వైట్‌చీక్ గోబీయా? చిన్న ట్యాంక్‌కి ఏది మేలు?

ట్యాంక్ అడుగున తిరిగే బుల్లి గోబీ చేప కావాలనుకునేవాళ్ళు ఎక్కువగా ముందు పడిపోయేది బంబుల్‌బీకే, పసుపు నలుపు పట్టీలతో అంత ముద్దుగా ఉంటే ఎలా వదిలేస్తాం, నేనూ ముందు అదే తెచ్చా. వైట్‌చీక్ మొదటి చూపులో మట్టిరంగు చేపలా ఉంటుంది. దగ్గరగా చూస్తే బుగ్గల మీద ఎర్రటి సన్న గీతలు, మగవి గొంతు ఉబ్బించి ఒకదాన్నొకటి బెదిరించుకునేటప్పుడు చూడాలి, కళ్ళు తిప్పుకోలేం.

రెండూ గోబీలే కాబట్టి పొట్ట కింద రెక్కలు కలిసిపోయి చిన్న గిన్నెలా ఉంటాయి, దాంతోనే రాయిని పట్టుకుని కూర్చుంటాయి. బంబుల్‌బీ 3, 4 సెంటీమీటర్లు, వైట్‌చీక్ 4, 5. సైజులో పెద్ద తేడా లేదు.

అసలు తేడా నీళ్ళది. బంబుల్‌బీలు ఆగ్నేయాసియావి, బోర్నియో, మలేషియా వైపు నదులు సముద్రంలో కలిసే చోట్ల, కాస్త ఉప్పగా ఉండే నీళ్ళలో దొరికేవి చాలా ఉన్నాయి. షాపులో మంచినీటి చేప అని చెప్పి ఇచ్చేస్తారు, నాకూ అలాగే ఇచ్చారు, కొన్ని వారాలు బాగానే ఉండి మెల్లగా తిండి మానేశాయి, తర్వాత మెరైన్ సాల్ట్ (సముద్రపు చేపల ట్యాంక్‌లకి వాడే ఉప్పు) కొద్దికొద్దిగా కలిపి నీళ్ళ డెన్సిటీ 1.002 దాకా (మంచినీళ్ళది 1.000) తెచ్చాక కోలుకున్నాయి. వంటింటి ఉప్పు వద్దు, మెరైన్ సాల్టే వాడండి. పూర్తిగా మంచినీళ్ళలో బతికే జాతి కూడా ఉంది, బ్రాకిగోబియస్ శాంతోమెలాస్, కానీ ఈ జాతులన్నీ చూడ్డానికి ఒకేలా ఉంటాయి, పేరు చూసి నమ్మలేం.

వైట్‌చీక్, అంటే రైనోగోబియస్ డుయోస్పిలస్, దక్షిణ చైనా, ఉత్తర వియత్నాం వాగుల చేప. ఉప్పు గొడవే లేదు. దానికి కావాల్సింది చల్లదనం, ఆక్సిజన్, పారే నీళ్ళు. 25 డిగ్రీలు దాటి నెలల తరబడి ఉండే ట్యాంక్‌లో పెట్టకండి, దాని ఆయుష్షు మనమే తగ్గించినట్టవుతుంది. వేడి నీళ్ళ ట్యాంక్ అయితే బంబుల్‌బీనే నయం.

తిండి దగ్గర బంబుల్‌బీ నిజంగా మొండిది. ఫ్లేక్స్ అనే ఎండు రేకుల మేత ముఖం చూడదు, ఆర్టీమియా, డాఫ్నియా లాంటి కదిలే బుల్లి నీటి జీవులు కావాలి, ఫ్రోజెన్ మేతకి అలవాటు పడటానికి టైమ్ పడుతుంది. అందుకే వేగంగా తినే చేపలతో కలిపితే పస్తులే. వైట్‌చీక్ ఫ్రోజెన్ బ్లడ్‌వార్మ్స్ (ఎర్రటి పురుగు లార్వాలు) తేలిగ్గా తింటుంది.

ఇక పిల్లలు. రెండింట్లోనూ గుహలో గుడ్లు పెడితే తండ్రే కాపలా. బంబుల్‌బీ పిల్లలు మరీ సూక్ష్మం, మొదట రోటిఫర్ల లాంటి కంటికి ఆనని నీటి జీవుల్ని పెట్టాలి. వైట్‌చీక్ గుడ్లు పెద్దవి, పిల్లలు పుట్టగానే అడుగున చేరి అప్పుడే పొదిగిన ఆర్టీమియాని తినేస్తాయి, సముద్రం అవసరమే లేదు. రంగు చూసి స్టైఫోడాన్ అనే ఇంకో రకం గోబీ కొనేవాళ్ళు ఇది గుర్తుంచుకోండి, దాని పిల్లలు సముద్రానికి కొట్టుకుపోయి పెరిగి మళ్ళీ వాగుకి ఎక్కాలి, ట్యాంక్‌లో అది జరగదు.

నా ఓటు వైట్‌చీక్‌కే. ఒక మగ, రెండు మూడు ఆడ, మెత్తటి ఇసుక, దాని మీద బల్లపరుపు రాళ్ళు నాలుగైదు వేసి పెట్టండి, రాయి కింద మగది తవ్వడం మొదలుపెట్టిందంటే గుడ్లు పెట్టే టైమ్ దగ్గర్లోనే ఉన్నట్టు.