తంగేడా, టెకోమానా, పచ్చగన్నేరా: ఎండు నేలకి ఏది మేలు?

మా చెలకకి ఒక పక్కంతా రాళ్ల గట్టు, బోరు నీళ్లు అక్కడిదాకా పోవు, ఏప్రిల్ల చెప్పులేసుకుని నిలబడినా అరికాళ్లు కాలతాయి. అక్కడ వరసగా పసుపు పూల చెట్లు పెడదామని అడిగితే ఎవరిని అడిగినా ఈ మూడు పేర్లే చెప్పారు. మూడూ తలా కొన్ని పెట్టి చూశాం కాబట్టి రాస్తున్నా, ఇలాంటి నేల ఉన్నోళ్లకి పనికొస్తుందని.

పచ్చగన్నేరు గురించి ఎక్కువ చెప్పను. బతకడంలో దానికి తిరుగులేదు, ఏడాదంతా ఆకు పచ్చగా ఉంటుంది, పశువు ముట్టదు, పూలు దేవుడికి పనికొస్తాయి. కానీ చెట్టంతా విషమే, పాలు, ఆకు, అన్నిటికంటే ఆ కాయలో గింజ. గన్నేరు పప్పు అంటే ఏంటో ఊళ్లల్లో ఎవరికీ చెప్పక్కర్లేదు, అది గుండె కొట్టుకునే తీరునే దెబ్బతీస్తుంది. ఆ కాయ చూస్తే ఆకుపచ్చగా గుండ్రంగా, పిల్లలు ఆడుకోవడానికి ఏరుకునేలా ఉంటుంది. మా గట్టు పక్కనుంచే పిల్లలు బడికి పోతారు, అందుకే పెట్టినవి కూడా వేళ్లతో సహా తీసేశాం. పిల్లలు తిరిగే చోట ఇది వద్దు, ఇందులో నాకు రెండో ఆలోచన లేదు.

టెకోమా సంగతి వేరే. నర్సరీలో ఈజీగా దొరుకుతుంది, పెట్టిన ఏడాదికే గంటల్లాంటి పూలు గుత్తులు గుత్తులుగా వస్తాయి, లోపల తేనె ఉంటుంది కాబట్టి తేనెటీగలు బాగానే వస్తాయి. ఇంటి ముందు, రోజూ ఒక బకెట్ నీళ్లు పోసే చోట, తొందరగా అడ్డుగా పెరగాలి అంటే టెకోమానే పెట్టుకోండి, తప్పేం లేదు. మా గట్టు మీద మాత్రం మొదటి ఎండాకాలం బిందెలతో మోసి పోస్తేనే నిలబడ్డాయి. ఇంకోటి, ఇది అమెరికా ఖండాల నుంచి వచ్చిన చెట్టు, బహామాస్‌కి జాతీయ పుష్పం, గింజలకి పల్చటి రెక్కలుంటాయి, గాలికి ఎక్కడికో పోయి పడతాయి. దక్షిణాఫ్రికాలో, ఆస్ట్రేలియాలో ఇలాగే పాకిపోయి కలుపు మొక్కల లెక్కలోకి పోయింది. బీడు పక్కన, గుట్ట పక్కన పెట్టేవాళ్లు ఇది గుర్తుపెట్టుకోవాలి.

ఇక తంగేడు. 2014లో తెలంగాణ రాష్ట్ర పుష్పం అయ్యింది, బతుకమ్మకి గునుగుతో పాటు ఇది లేకపోతే పేర్చినట్టే ఉండదు, ఇవన్నీ అందరికీ తెలిసినవే. నాకు నచ్చింది మాత్రం పొద్దున పూట దాని దగ్గర కూర్చుంటే కనిపించేది. పువ్వులో తేనె ఉండదు, ఉండేది పుప్పొడే, అది కూడా కేసరాల కొనలో ఉన్న సన్న రంధ్రంలోంచే రావాలి. పెద్ద నల్ల తుమ్మెద వచ్చి పువ్వుని కాళ్లతో పట్టుకుని వేలాడి జుయ్యిమని ఒళ్లంతా అదిరిస్తుంది, పువ్వు మొత్తం ఊగిపోతుంది, పుప్పొడి దాని పొట్ట మీద రాలుతుంది. మామూలుగా ఎగిరేటప్పటి చప్పుడు వేరు, ఇది వేరు, రెండడుగుల దూరం నుంచే తేడా తెలుస్తుంది. ఆకు మీదేమో కాటోప్సిలియా అనే లేత రంగు సీతాకోకచిలుకలు గుడ్లు పెడతాయి, వాటి పురుగులు ఆకు తింటాయి. అది చూసి మందు కొట్టకండి దయచేసి, చెట్టు మళ్లీ చిగురేస్తుంది.

తంగేడుకి కూడా లోపాలున్నాయి. మండు వేసవిలో పీలగా అయిపోతుంది, మనిషెత్తు దాటి పెద్దగా పెరగదు, పశువులు ఆకు పెద్దగా ముట్టవు కానీ కొమ్మల మధ్యలోంచి దూరి పోతాయి కాబట్టి కంచె అనుకుని పెడితే లాభం లేదు. చిక్కుడు కుటుంబమే కదా భూమికి నత్రజని పెడుతుందేమో అని నేనూ అనుకున్నా, కానీ వీటి వేళ్లకి నత్రజని పట్టే ఆ బుడిపెలు రావు. పాతరోజుల్లో ఆకు కోసి పొలంలో తొక్కేవాళ్లు, ఆ పచ్చిరొట్ట వల్లే మేలు. చెక్క అయితే తోళ్లు పదును చెయ్యడానికి పోయేది, మొదలు దాకా కొట్టినా మళ్లీ పిలకలేస్తుంది.

కొనేటప్పుడు ఒక జాగ్రత్త. మాకు ఒక నర్సరీ వాళ్లు తంగేడు అని ఇచ్చినవి పెరిగాక చూస్తే సీమ తంగేడు, అది రోడ్ల పక్కన ఉండే పెద్ద చెట్టు. అసలు తంగేడు అయితే ఆకు కాడ మొదట్లో గుండ్రంగా చెవుల్లాంటి రెండు చిన్న ఆకులు కాండాన్ని పట్టుకుని ఉంటాయి, శాస్త్రీయ నామంలో ఆరిక్యులాటా అన్నది కూడా ఆ చెవుల గురించే. అవి లేకపోతే తీసుకోకండి.

నన్నడిగితే మొక్క కొనడం కంటే గింజే మేలు, తల్లివేరు లోతుకి పోయే రకం కాబట్టి తవ్వి తెచ్చి నాటినవి మాకు చాలా వరకు చచ్చిపోయాయి. గోధుమ రంగులోకి తిరిగి, ఊపితే గలగలమనే బల్లపరుపు కాయలు తెచ్చుకోండి, గింజ పైతోలు గట్టిగా ఉంటుంది కాబట్టి వేడి నీళ్లు పోసి అందులోనే రాత్రంతా వదిలెయ్యండి, ఉబ్బినవి తొలకరి పడ్డాక గట్టు మీదే చిన్న గుంట తీసి రెండు మూడు చొప్పున వెయ్యండి. మా గట్టు మీద నీళ్లు మొయ్యకుండా నిలబడ్డవి ఇలా వేసినవే, ఇప్పుడు ఖాళీ అయిన పచ్చగన్నేరు గుంటల్లో కూడా అవే వేస్తున్నాం. బతుకమ్మకి పూలు తెంపేవాళ్లు కొమ్మకి కొమ్మ విరిచేయకుండా ఒక్కో చెట్టుకి నాలుగైదు గుత్తులు వదిలితే వచ్చే వానలకి వెయ్యడానికి కాయ దొరుకుతుంది.