శ్రీరంగపట్నంలో గైడు: 800 రూపాయలకు సగం కథ

మాది కడప. మైసూరు వెళ్లినప్పుడు శ్రీరంగపట్నం చూపించడానికి మూడు గంటలకు 800 రూపాయలు ఒప్పుకుని ఒక గైడును కుదుర్చుకున్నాం. టిప్పు సుల్తాన్ వేసవి మహలు దరియా దౌలత్ బాగ్‌లో ఆయన చెలరేగిపోయారు. 1784లో కట్టిన ఆ టేకు మహలు పడమటి గోడ మీద 1780లో మైసూరు సేన ఈస్టిండియా కంపెనీని ఓడించిన పొల్లిలూరు యుద్ధం బొమ్మ ఉంటుంది. చుట్టూ మైసూరు గుర్రాలు, నడుమ కంపెనీ సేన, పల్లకిలో గాయపడిన దాని నాయకుడు కల్నల్ బెయిలీ. మందుగుండు బండి పేలే ఘట్టం దగ్గర ఆయన గొంతు పెంచితే పక్క గుంపు కూడా మా వైపు జరిగింది. డబ్బు ఇక్కడికే చెల్లిపోయిందనుకున్నాను.

నీరసం ఆ తర్వాతే. 1799 మే 4న టిప్పు పడిపోయిన చోట నిలబెట్టి, ద్రోహం వల్ల పోయాడని ఒక్క ముక్కలో తేల్చేశారు. మరి ఓడిన టిప్పు ఇంగ్లీషువారికి, వారి మిత్రులకు రాసిచ్చిన 1792 ఒప్పందం మాటేమిటి? సగం రాజ్యం, 3 కోట్ల 30 లక్షల రూపాయలు, పూచీగా ఇద్దరు కొడుకులు! ఆఖరి ముట్టడిలో నిజాం సేన ఇంగ్లీషువారి పక్కనే ఉన్న సంగతి కూడా నేను అడిగితేగాని చెప్పలేదు. మా కడప 1792లో నిజాం వాటాకు వెళ్లి, 1800లో కంపెనీకి దత్తమైందని నేనే చెప్పాల్సి వచ్చింది. పాపం, ఆయన చిన్న పుస్తకం తీసి రాసుకున్నారు.

గుంబజ్‌లో తల్లిదండ్రుల పక్కన ఉన్న టిప్పు సమాధి దగ్గర కాసేపు నిలబడనివ్వలేదు, పట్టు చీరల దుకాణానికి వేళవుతోందని ఒకటే తొందర. చీర కొనలేదు. మీరు వెళితే, దుకాణాల మజిలీ వద్దని బేరంలోనే చెప్పండి.