దుంపల ధరలకు అగ్‌మార్క్‌నెట్: ఒక కంద రైతు సమీక్ష

గుంటూరు జిల్లాలో కృష్ణ కాలువల కింద కంద, చేమ పండించే కుటుంబం మాది. మూడు పంటకాలాలుగా ప్రతి ఉదయం పొలానికి బయలుదేరే ముందు కేంద్ర ప్రభుత్వపు అగ్‌మార్క్‌నెట్ వెబ్‌సైటులో దుంపల ధరలు చూస్తున్నాను. 2000 సంవత్సరంలో మొదలైన ఈ సేవను మార్కెటింగ్, తనిఖీ డైరెక్టరేట్ నిర్వహిస్తోంది. రుసుమేమీ లేదు. దేశంలోని మార్కెట్ యార్డులు పంపే వివరాలను బట్టి ఏ సరుకు ఎన్ని టన్నులు వచ్చిందో, క్వింటాలుకు కనిష్ఠ, గరిష్ఠ, మోడల్ ధరలు ఎంత పలికాయో ఇందులో తేదీలవారీగా దొరుకుతుంది. దుంపలు అమ్ముకునేవారికి ఇది ఎంతవరకు అక్కరకొస్తుందన్నదే ఈ సమీక్ష.

ముందుగా మోడల్ ధర గురించి చెప్పాలి, ఎందుకంటే ఎక్కువమంది పొరబడేది అక్కడే. అది సగటు కాదు. ఆ రోజు ఎక్కువ సరుకు ఏ ధరకు అమ్ముడుపోయిందో ఆ ధర. ఒక యార్డుకు 100 బస్తాలు వచ్చాయనుకుందాం. అందులో 70 బస్తాలు క్వింటాలు 1,800 రూపాయల చొప్పున, 25 బస్తాలు 1,500 చొప్పున, ఏరి కట్టిన 5 బస్తాలు మాత్రం 2,600 చొప్పున పోతే, గరిష్ఠ ధర గడిలో 2,600 అనే కనిపిస్తుంది. మా నాన్నగారు చాలాకాలం ఆ గడినే చూసి, మన సరుకుకు అంత ఎందుకు రాలేదని బాధపడేవారు. మోడల్ ధరను, దాని పక్కనే ఉండే సరుకు రాకను కలిపి చదవడం అలవాటైన తరువాతే మాకు ఈ పట్టికలతో నిజమైన ప్రయోజనం కలిగింది.

బంగాళాదుంప విషయంలో ఈ సేవ చాలా బాగుంది. ఉత్తరాదిన చలికాలపు పంట జనవరి నుంచి మార్చి వరకు తవ్వుతారు; అందులో పెద్ద భాగం ఆగ్రా, హుగ్లీ వంటి చోట్ల శీతల గిడ్డంగుల్లోకి వెళ్లి, వేసవి నుంచి నవంబరు దాకా కొద్దికొద్దిగా బయటకు వస్తుంది. అందుకే ధర తవ్వకాల రోజుల్లో కిందికి దిగి, గిడ్డంగులు ఖాళీ అవుతున్నకొద్దీ పైకి పోతుంది. ఆగ్రా వరుసను ఏడాది పొడవునా గీతగా గీసుకుంటే ఈ నడక కంటికి కనిపిస్తుంది. 2022-23లో దాదాపు 601 లక్షల టన్నులున్న దేశీయ బంగాళాదుంప ఉత్పత్తి 2023-24లో సుమారు 570 లక్షల టన్నులకు తగ్గింది. 2024లో పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం తమ దుంప రాష్ట్రం దాటకుండా ఆంక్షలు పెట్టడంతో ఒడిశా, జార్ఖండ్ మార్కెట్లు ఇబ్బందిపడ్డాయి. అటువంటి సమయంలో ఒక్క రాష్ట్రం ధర చూసి దేశమంతా అంతే అనుకుంటే పెద్ద తప్పవుతుంది. నాలుగైదు రాష్ట్రాల వరుసలను ఒకేచోట పక్కపక్కన చూడగలగడం వల్లే సరుకు ఎక్కడ ఆగిపోయిందో తెలుస్తుంది.

కందకు వచ్చేసరికి ఈ సంతృప్తి ఉండదు. రోజూ ధర పంపే యార్డులు తక్కువ, మధ్యలో ఖాళీ తేదీలు ఎక్కువ. కంద పట్టికలో కేరళ మార్కెట్ల వరుసలు బాగా కనిపిస్తాయి గానీ, అది సరుకు చేరే చోటు. ఆ ధరలో లారీ కిరాయి, దింపుడు కూలి, దారిలో పోయిన తరుగు అన్నీ కలిసి ఉంటాయి కనుక మా చేను గట్టు మీది ధరతో దాన్ని నేరుగా పోల్చకూడదు. నిజానికి చిన్న దుంపల మీద దృష్టి తక్కువగా ఉండటం ఒక్క ఈ వెబ్‌సైటుకే పరిమితం కాదు. కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ రోజూ ధరలు గమనించే సరుకుల జాబితాను 2024 ఆగస్టులో 22 నుంచి 38కి పెంచింది. బంగాళాదుంప మొదటినుంచీ అందులో ఉంది, కంద, చేమ మాత్రం ఆ పెంపులోనూ చేరలేదు.

అయినా కంద రైతులు ఈ సేవను వదులుకోకూడదని నేను గట్టిగా నమ్ముతున్నాను. కంద ఎనిమిది, తొమ్మిది నెలల పంట. ఎకరాకు విత్తన దుంపే టన్నుల లెక్కన కావాలి. ధర బాగున్న ఏడాది విత్తనమూ అదే ధరకు కొనాలి, పైగా అందరూ అప్పుడే నాటుతారు; తవ్వే నాటికి సరుకు పోటెత్తి ధర కూలుతుంది. అంటే ఖరీదైన విత్తనం పెట్టి చవకగా అమ్ముకుంటాం. ఈ దెబ్బ మేమూ తిన్నాం. ఇప్పుడు నాటే ముందు నాలుగేళ్ల పాత ధరలను నెలలవారీగా తీసి చూస్తున్నాం. వరుసగా రెండేళ్లు ధర ఎక్కువగా నడిచి ఉంటే కంద విస్తీర్ణం తగ్గించి చేమ పెడుతున్నాం. ఈ సేవలో నాకు అన్నిటికంటే విలువైనది ఈ పాత రికార్డే.

బేరానికి కూడా అది ఒకసారి ఆసరా అయింది. గత ఏడాది తవ్వకాలప్పుడు మా సరుకు తీసుకునే కమీషన్ వ్యాపారి ఒకరు, "కేరళలో రేటు పడిపోయింది బాబాయ్, ఈ వారం ఇంతకంటే రాదు" అని నాన్నగారితో అన్నారు. కేరళ వరుసల్లో పది రోజులుగా మోడల్ ధర కదలలేదు, సరుకు రాక కూడా పెరగలేదు. ఫోనులో అది చూపించి, నాలుగు రోజులు తవ్వకం ఆపుకుంటామని చెప్పాము. కంద భూమిలో కొన్నాళ్లు ఆగుతుంది కాబట్టి ఆ మాట అనగలిగాం. చేమకైతే మాకు అంత ధైర్యం వచ్చేది కాదు. మూడో రోజు ఆయనే క్వింటాలుకు కొంత పెంచి లారీ పంపారు.

కొత్తగా చూసేవారికి పేర్ల దగ్గర ఒక జాగ్రత్త అవసరం. మనం చిలగడదుంప అనేదాన్ని రాయలసీమలో గెనుసుగడ్డ అంటారు, తెలంగాణలో మోరంగడ్డ అంటారు, కొన్నిచోట్ల కందగడ్డ అని కూడా అంటారు. ఆ పేరు విని కంద పట్టిక తెరిస్తే లెక్క మొత్తం తప్పుతుంది. చిలగడదుంపకు మహాశివరాత్రి ముందు గిరాకీ పెరుగుతుంది కనుక ఆ వారం ధరను ఏడాది ధరగా తీసుకోకూడదు.

ఇందులో కనిపించే ధర రైతు చేతికి వచ్చేది కాదన్న సంగతి కూడా గుర్తుంచుకోవాలి. వినియోగదారుడు బంగాళాదుంపకు పెట్టే రూపాయిలో రైతుకు దక్కేది సుమారు 37 పైసలేనని 2024లో వెలువడిన రిజర్వ్ బ్యాంకు పరిశోధనా పత్రం అంచనా వేసింది. కమీషను, హమాలీ, కాటా తరుగు, రవాణా ఎంతెంత తీసుకుంటున్నాయో ఈ పట్టికల్లో ఉండదు. దానికి ఎవరి లెక్కల పుస్తకం వారు రాసుకోవలసిందే.

నిర్వాహకులు ఒక్కటి చేర్చగలిగితే మొదట శీతల గిడ్డంగుల నిల్వలు చేర్చాలని కోరుకుంటాను. జూన్ తరువాత బంగాళాదుంప ధరను నడిపేది గిడ్డంగిలో మిగిలిన బస్తాల సంఖ్యే. ఆ సంఖ్య పెద్ద వ్యాపారులకు ముందుగా తెలుస్తుంది. పది బస్తాలు దాచుకున్న రైతుకు కూడా అదే రోజు తెలియాలి.