మొదటి పాట చేద్దామని ‘ఫ్రీ’ మ్యూజిక్ యాప్ దించుకుంటున్నారా? జాగ్రత్త, నాకు జరిగింది చదవండి

ఫోన్‌లో సొంతంగా పాట చేద్దామని కొత్తవాళ్ల కోసం అంటూ వచ్చే యాప్ ఏదైనా దించుకున్నవాళ్లు, ముఖ్యంగా యాడ్ చూసి దించుకున్నవాళ్లు, రికార్డ్ బటన్ నొక్కే ముందు ఇది చదవండి. నాకు రూ.3,499 పోయాయి. డబ్బు సంగతి అటుంచితే మా అమ్మ పాడిన బతుకమ్మ పాట పోయింది, నాకు కడుపు మండేది దాని గురించే.

అమ్మకు అరవై దాటాయి. హన్మకొండలో మా దగ్గరే ఉంటుంది కానీ బతుకమ్మ వచ్చిందంటే ఊరికి పోవాల్సిందే. వాళ్ల అమ్మ దగ్గర నేర్చుకున్న ఉయ్యాల పాట ఒకటి ఆమెకు నోటికొచ్చు, ఎక్కడా రాసి లేదు. ఊళ్లో ఆడవాళ్లంతా చప్పట్లు కొడుతూ చుట్టూ తిరుగుతుంటే ఈమె ముందు అంటుంది, మిగతావాళ్లు అందుకుంటారు. ఎంగిలిపూల బతుకమ్మ లోపే దాన్ని రికార్డు చేసి, వెనక డప్పు, కొంచెం వేణువు పెట్టి, సద్దుల నాటికి చుట్టాలందరికీ పంపాలని అనుకున్నాను. నాకు సంగీతం రాదు. ‘సంగీతం రాకపోయినా 10 నిమిషాల్లో మీ మొదటి పాట, పూర్తిగా ఉచితం’ అని యాడ్ కనిపించేసరికి నాలాంటివాళ్ల కోసమే చేశారనుకున్నాను.

మొదటి గంట బాగానే గడిచింది, లేనిది చెప్పకూడదు. తెర మీద రంగురంగుల గళ్లు ఉంటాయి, ఒక్కో గడిలో ఒక్కో లూప్, అంటే నాలుగైదు సెకన్ల ముక్క, నొక్కితే తిరుగుతూనే ఉంటుంది. ఒకటి డోలు, ఒకటి వేణువు, ఒకటి కింద బేస్, ఏది దేని మీద పెట్టినా కలిసిపోతుంది ఎందుకంటే అన్నింటినీ ఒకే వేగానికి, ఒకే శ్రుతికి ముందే సర్ది పెట్టారు. అమ్మ పాట దగ్గరికి వచ్చేసరికి తేడా కొట్టింది. ఆమె పాట మూడు లెక్కల నడక, యాప్‌లో డప్పు పేరుతో ఉన్న లూప్‌లన్నీ నాలుగు లెక్కలవి. రెండో వరుసకే చప్పట్లు ఒక దారి, డప్పు ఒక దారి. అమ్మ నాలుగుసార్లు ప్రయత్నించి ‘నీ డప్పుకు నా అడుగు పడుతలేదు బిడ్డా’ అంది. 6/8 అని, అంటే మూడు లెక్కల నడకకు కుదిరేదని, రాసి ఉన్న లూప్ ఒక్కటే దొరికింది, దాని మీద తాళం కప్ప బొమ్మ. సరేలే అని డప్పు తీసేసి తంబురా లాంటి శ్రుతి ఒక్కటి పెట్టి పాడించాను.

అప్పుడు అసలు సమస్య మొదలైంది. అమ్మ చెవిలో నా బ్లూటూత్ ఇయర్‌బడ్స్ పెట్టాను. శ్రుతితో పాటు టిక్ టిక్ అని లెక్క వినిపిస్తుంటే ఆమె సరిగ్గానే పాడుతోంది, తీరా తిరిగి వింటే గొంతు లెక్క కంటే వెనకబడి వస్తోంది. ఆరుసార్లు పాడించాను, ఆరుసార్లూ అంతే. ఆమె తప్పు తనదే అనుకుని ‘నాకు చాతనైతలేదు, వయసైపోయింది’ అంటుంటే నాకు మనసు చివుక్కుమంది. సరిగ్గా ఆ సమయానికి యాప్ ఒక పెట్టె చూపించింది: ‘మీ రికార్డింగ్ ఆలస్యంగా వస్తోందా? ప్రో తీసుకుంటే సరైపోతుంది, 7 రోజులు ఉచితం.’

ఆ తెర ఎలా ఉంటుందో చెప్తాను, మీకూ అలాంటిదే వస్తుంది. మధ్యలో పెద్ద అక్షరాలతో నెలకు రూ.291 అని ఉంది. దాని కింద బూడిద రంగులో, వెలుగులో కనిపించనంత సన్నగా, ఏడాది మొత్తం రూ.3,499 ఒకేసారి తీసుకుంటామని ఉంది. మూసేసే ఇంటూ గుర్తు నాలుగైదు సెకన్ల తర్వాత మూలన వచ్చింది, అదీ తెల్లటి దాని మీద తెలుపే. అమ్మ పక్కన ఎదురుచూస్తోంది, నేను ‘ఉచితంగా మొదలుపెట్టండి’ నొక్కాను, యూపీఐ పిన్ అడిగితే కొట్టేశాను. ఫ్రీ అన్నప్పుడు పిన్ ఎందుకు అని ఆ క్షణంలో ఆలోచించి ఉంటే ఈ పోస్టే ఉండేది కాదు.

ప్రో వచ్చినా గొంతు ఆలస్యం తగ్గలేదు. ట్రాక్‌ను వేలితో కొంచెం కొంచెం ముందుకు జరిపి ఎలాగో కుదిర్చాను. రెండు సాయంత్రాలు కూర్చుని ఐదు చరణాలు పూర్తి చేసి ఫైలు బయటికి తీసి అమ్మకు వినిపించాను. ఇరవై సెకన్లకోసారి ఒకావిడ గొంతు, ఇంగ్లిషులో, ఆ యాప్ పేరు చెప్తోంది, అదీ సరిగ్గా అమ్మ రాగం తీస్తున్న చోట. అమ్మ ఫోన్ వైపు చూసి ‘నా పాటల ఈమె ఎవరు?’ అని అడిగింది. ట్రయల్‌లో ఉన్నంతకాలం ఆ గొంతు పోదట, డబ్బు కట్టాకే పోతుందట. ఇది ట్రయల్ తెర మీద ఎక్కడా చెప్పలేదు.

కోపమొచ్చి ఐదో రోజు యాప్ తీసేశాను. తీసేస్తే ట్రయల్ కూడా పోతుందనుకున్నాను. పోలేదు. ఎనిమిదో రోజు రూ.3,499 కట్ అయింది. నాకు తెలిసింది ఇంకో నాలుగు రోజులకు, ఇంటి అద్దె పంపబోతుంటే బ్యాలెన్స్ తక్కువుందని. కట్ కావడానికి ముందు రోజే మెసేజ్ వచ్చింది కూడా, లోన్ ఆఫర్ల మెసేజ్‌ల మధ్య చూడలేదు. సరే, డబ్బు పోయింది కదా, కనీసం ఆ గొంతు లేకుండా పాట తీసుకుందామని యాప్ మళ్లీ వేసుకుని లాగిన్ అయితే ‘మీ మొదటి పాట మొదలుపెట్టండి’ అని ఖాళీ తెర వచ్చింది. పాటలన్నీ ఫోన్‌లో యాప్ సొంత ఫోల్డర్‌లో ఉంటాయి, క్లౌడ్ బ్యాకప్ మనమే విడిగా ఆన్ చేసుకోవాలి, యాప్ తీసేస్తే ఫోల్డర్ కూడా తుడిచిపెట్టుకుపోతుంది. అంటే యాప్ తీసేసినందుకు పాట పోయింది, సబ్‌స్క్రిప్షన్ మాత్రం అలాగే ఉంది. మీ ఇంట్లో ఎవరైనా ఇలాంటి యాప్ వాడుతుంటే ఈ ఒక్క ముక్క ఈ రోజే చెప్పండి.

రీఫండ్ కోసం తిరిగిన తిరుగుడు ఎక్కువ రాయను. గూగుల్ ప్లేలో కొన్న 48 గంటల్లోపు అడిగితే సులువు, తర్వాత అయితే యాప్ వాళ్లనే అడగాలి. నాకు 48 గంటలు ఎప్పుడో దాటాయి. యాప్ వాళ్లకు మూడు మెయిల్స్ పెడితే మూడింటికీ ఒకటే జవాబు, అక్షరం తేడా లేకుండా: ట్రయల్ గడువులోపు రద్దు చేయలేదు కాబట్టి కుదరదు. నేషనల్ కన్స్యూమర్ హెల్ప్‌లైన్ 1915కి ఫోన్ చేసి ఫిర్యాదు నమోదు చేయించాను. అది నడుస్తోంది కాబట్టి యాప్ పేరు ఇక్కడ రాయడం లేదు, దయచేసి అడగొద్దు. అయినా ఈ పద్ధతి ఒక్క యాప్‌ది కాదు. కేంద్ర ప్రభుత్వం 2023 నవంబర్ 30న ఇలాంటి మోసపు డిజైన్ల మీద మార్గదర్శకాలు తెచ్చింది, అందులో 13 రకాలు పేరు పెట్టి చెప్పారు, సబ్‌స్క్రిప్షన్ ట్రాప్, అంటే సులువుగా చేర్చుకుని బయటపడనీయకుండా చేయడం, వాటిలో ఒకటి. ఫిర్యాదు చేసేటప్పుడు ఆ మాట వాడండి, ఆ ధర తెర స్క్రీన్‌షాట్ కూడా ఉంచుకోండి. నా దగ్గర స్క్రీన్‌షాట్ లేదు, అది నాకు పెద్ద లోటు అయింది.

ఇప్పటికే పిన్ కొట్టేసినవాళ్లు టెన్షన్ పడకుండా ఇలా చేయండి. ప్లే స్టోర్‌లో కుడివైపు పైన మీ ఫోటో నొక్కితే పేమెంట్స్, సబ్‌స్క్రిప్షన్స్ అని ఉంటుంది, అక్కడ యాప్ పేరు మీద నొక్కి రద్దు చేయాలి. ఐఫోన్‌లో సెట్టింగ్స్‌లో పైన మీ పేరు నొక్కితే సబ్‌స్క్రిప్షన్స్ ఉంటుంది, అక్కడ గడువుకు కనీసం 24 గంటల ముందే రద్దు చేసుకోవాలి, ఆఖరి రోజు దాకా ఆగొద్దు. తర్వాత మీ ఫోన్‌పే, గూగుల్ పే, ఏది వాడితే దానిలో ఆటోపే అనే చోటు వెతకండి, పిన్ కొట్టి ఇచ్చిన మ్యాండేట్లన్నీ, అంటే మన ఖాతా నుంచి డబ్బు వాళ్లే తీసుకునేలా ఇచ్చిన అనుమతులన్నీ, అక్కడ కనిపిస్తాయి, వద్దనుకున్నది తీసేయొచ్చు. నేను తెరిచి చూస్తే రెండేళ్ల కిందటి ఇంకో యాప్‌ది కూడా బతికే ఉంది. ఒకసారి మ్యాండేట్ ఇచ్చాక రూ.15,000 లోపు మామూలు చెల్లింపులకు ప్రతిసారీ పిన్ అడగరు, కట్ చేసే 24 గంటల ముందు మెసేజ్ మాత్రం రావాలి. ఆ మెసేజ్‌లు చదవండి.

గొంతు ఆలస్యం సంగతి. మా కాలనీలో పెళ్లిళ్లకు కీబోర్డు వాయించే తమ్ముడు ఒకతను ఉన్నాడు, అతనికి చూపిస్తే ఫోన్ కూడా తీసుకోకుండా ‘అన్నా, బ్లూటూత్ తీసెయ్’ అన్నాడు. బ్లూటూత్‌లో శబ్దాన్ని కుదించి, గాల్లో పంపి, అవతల మళ్లీ విప్పాలి, దానికి సెకనులో పదో వంతో ఐదో వంతో పడుతుంది. పాట వినేటప్పుడు అది తెలియదు, లెక్క వింటూ పాడేటప్పుడు మనిషి ఆ మేరకు వెనకబడతాడు. పైగా ఇయర్‌బడ్స్ మైక్ వాడితే శబ్దం ఫోన్ కాల్ స్థాయికి పడిపోతుంది. వైరు ఇయర్‌ఫోన్స్ పెట్టి ఫోన్ మైక్‌తోనే ఇంకో యాప్‌లో అమ్మతో రెండు వరుసలు పాడిస్తే లెక్క మీద కూర్చున్నాయి. వైరు ఇయర్‌ఫోన్స్ రూ.300కి వస్తాయి. ఏ ప్రో కూడా బాగుచేయలేని దాన్ని బాగుచేస్తామని నాకు అమ్మారు, అమ్మ రెండు రోజులు తన గొంతే పాడైందని బాధపడింది. నేను దీన్ని అంత సులువుగా వదలను.

ఇంకో ప్రమాదం నాకు కాదు, మా పిన్ని కొడుక్కి జరిగింది. వాడు అదే యాప్‌లో వేణువు లూప్ వాడి ఒక జానపదం చేసి యూట్యూబ్‌లో పెడితే కాపీరైట్ క్లెయిమ్ పడింది. ఎవరో అదే లూప్‌తో ముందే పాట చేసి తమదిగా నమోదు చేసుకున్నారు. అందరికీ పంచిపెట్టిన లూప్ ఒక్కరి సొత్తు కాదు కాబట్టి యూట్యూబ్ నియమాల ప్రకారమే అలా నమోదు చేయకూడదు. మీకూ క్లెయిమ్ పడితే భయపడి వీడియో తీసేయకండి, డిస్ప్యూట్ పెట్టొచ్చు, అవతలివాళ్లు 30 రోజుల్లో జవాబివ్వాలి. కానీ ఆ లూప్‌కు లైసెన్స్ ఉందని మీ దగ్గర ఆధారం ఉండాలి. ఆ యాప్‌లో లైసెన్స్ గురించి ఒక్క వాక్యమూ తెలుగులో కాదు కదా, వెతికినా దొరికే చోట లేదు.

మరి ఏది వాడాలి అంటారా, ఐఫోన్ ఉంటే గ్యారేజ్‌బ్యాండ్ ఉచితం, యాడ్స్ లేవు, 4/4తో పాటు 3/4, 6/8 కూడా ఉన్నాయి కాబట్టి మన పాటలకు ఇబ్బంది లేదు. దానిలో ఒక్క చిక్కు, కొత్త పాట 8 బార్లకే, అంటే తాళం ఎనిమిది చుట్లకే, ఆగిపోతుంది, కుడివైపు పైన ప్లస్ గుర్తు నొక్కి సెక్షన్ పొడవు ఆటోమేటిక్ అని పెట్టుకోవాలి, లేకపోతే చరణం మధ్యలోనే మొదటికి వచ్చేస్తుంది. ఆండ్రాయిడ్‌లో నేను ఇప్పుడు బ్యాండ్‌ల్యాబ్ వాడుతున్నాను, డబ్బు కట్టకుండానే పాట బయటికి వస్తోంది, మధ్యలో ఎవరి గొంతూ లేదు. అందులోనూ మెంబర్‌షిప్ అమ్ముతారు, నాకు ఇంతవరకు అవసరం పడలేదు.

ఏ యాప్ అయినా ముందు పది సెకన్లు ఏదో ఒకటి కూనిరాగం తీసి, దాన్ని ఫైలుగా బయటికి తీసి, వాట్సాప్‌లో ఇంట్లో ఇంకొకరికి పంపి, వాళ్ల ఫోన్‌లో వినండి. ఫైలు రాకపోయినా, మధ్యలో పరాయి గొంతు వచ్చినా, కార్డో పిన్నో అడిగినా అక్కడే ఆపేయండి. వీలైతే వేవ్ ఫైలు, అంటే శబ్దాన్ని కుదించని ఫైలు, తీయండి, నిమిషానికి దాదాపు 10 ఎంబీ పడుతుంది కానీ తర్వాత ఏ యాప్‌లో వేసినా నాణ్యత తగ్గదు. ముఖ్యంగా పెద్దవాళ్ల చేత పాడించేటప్పుడు పక్కన ఇంకో ఫోన్‌లో మామూలు వాయిస్ రికార్డర్ కూడా ఆన్ చేసి పెట్టండి.

నేను అలా పెట్టలేదు. అయితే మొదటి రోజు అమ్మ వంటింట్లో ఊరికే ఒకసారి పాడి చూసుకుంటుంటే మా ఆవిడ తన ఫోన్‌లో తీసిపెట్టింది, అది మొన్న దొరికింది. మూడో చరణం మీద కుక్కర్ విజిల్ పడింది, చివర్లో మా బాబు నీళ్లు అడుగుతున్నాడు, కానీ ఐదు చరణాలూ ఉన్నాయి. దాన్ని నాకు, మా అన్నకు, మెయిల్‌కు, మూడు చోట్లకు పంపుకున్నాను. వచ్చే ఆదివారం అమ్మ మళ్లీ పాడతానంది, ఈసారి డప్పు లూప్ వద్దట, చప్పట్లు కొట్టడానికి పక్కింటి ఇద్దరిని పిలుస్తానంది.